లెక్కకంటె ఒకడెక్కువ

షార్జాల, సజ్జా క్యాంపుల మా రూముకు టీవీ ఎట్లొచ్చిందంటే
విల్లా ఖాళీ చేసినోళ్లు చెత్తడబ్బా పక్కన పెట్టిపోతే
నేనూ సాయిలూ దుప్పట్ల చుట్టి బస్సుల తెచ్చినం.
బొమ్మ ఒస్తది. మాట రాదు.
కుడిమూలకు ఆకుపచ్చ మరక,
ఎవరి మొఖం అటు జరిగినా పాచి పట్టినట్టుంటది.

గురువారం రాత్రి పదకొండింటికి ఒక సీరియల్.
సీరియలంటే సీరియల్ గాదు,
పోయిన వారం మనిషి ఈ వారం ఉండడు.
ఇల్లు కొత్తది, లోకం కొత్తది, ఆపతి కొత్తది.
మా పై మంచం లెక్కనే:
బిహారాయన పోతే నేపాలాయన, ఆయన పోతే ఒరియా పోరడు,
దిండు మీద నూనె మరక మాత్రం అదే.

కింద అరబ్బీ అక్షరాలు చీమలబారు లెక్క ఉరుకుతుంటే
లింబాద్రన్న చదివి చెప్పేటోడు.
జిద్దాల తొమ్మిదేండ్లు చేసిండు గద.
రెండు మంచాల నడుమ నేల మీద ఆయన చాప,
ఎనిమిది మంచాల రూముల తొమ్మిదో మనిషి.
పాస్‌పోర్టు పాత కంపెనీ బీరువల,
ఆయనేమో ఏ కాయితంల లేడు. ఖల్లివెల్లి.
మేం కిరాయి అడగలే. కథ చెప్తే చాలన్నం.

ఒకనాడు, నిద్ర కొనే దుకాణం.
ఉన్నోళ్లు రెండుసార్లు పండుకుంటందుకు
లేనోళ్ల నిద్ర కొంటరట.
ఒకడు ఇంటి స్లాబు కోసం శనివారాలది అమ్మిండు,
తర్వాత ఆదివారాలది,
ఆఖరికి కండ్లు మూసుడెట్లనో మరిచి
నేర్చుకుంటందుకు మళ్ల అప్పు చేసిండు.
"నేనైతే అమ్మ" అన్నం అందరం.
తెల్లారి ఓవర్‌టైం కాయితం మీద ఎనిమిది ఏలిముద్రలు.

ఇంకోనాడు, సచ్చిపోయినోని నంబరుకు
నెలనెలా రీచార్జ్ చేసే తమ్ముడు.
అవతల ఎత్తుతరు. మాట్లాడరు.
ఎండల నడిచొచ్చినట్టు ఊపిరొక్కటే.
సాయిలు లేచిపోయి బయట ఏసీ డబ్బా కింద కూసున్నడు,
నీళ్లు నెత్తి మీద కారుతున్నా జరగలే.

ఆఖరి కథ ఆగస్టుల.
ఒక రూము. లెక్కకంటె ఒకడెక్కువ.
దయ్యమో మనిషో తెల్వది,
అన్నం తింటడు, గిన్నెలు తోముతడు, నిద్రల మూలుగుతడు.
ఎవడో తలుపు కొట్టి అడుగుతడు: ఎంతమంది?
ఉన్నదున్నట్టు చెప్తె వాడు మాయమైతడు.
చెప్పకుంటె ఏమైతదో కథల లేదు.
"మరి ఎవరు చెప్పిండ్రన్నా?"
అడిగింది నేనే.
లింబాద్రన్న టీవీ దిక్కే చూసుకుంట,
"ఆగు. యాడ్ ఒచ్చింది" అన్నడు.
తెర మీద సప్పుడు లేని ఆడామె తడినెత్తి విదిలిస్తుంది.

మంగళారం క్యాంప్ బాస్ ఒచ్చిండు, పెన్నూ ప్యాడూ.
"కిత్నా ఆద్మీ?"
కిటికీ కాడ చాయ్ గ్లాసులు బోర్లించున్నయి. తొమ్మిది.
నా వీసా రెన్యువల్ ఆ నెల్లనే.
నేను నోరు తెరవలే, దేవుని తోడు.
గ్లాసుల దిక్కు చూసిన. అంతే.
ఆయన నా కండ్లెంబడి చూసిండు.

పదకొండేండ్లైంది. ఇప్పుడు అజ్మాన్ల డ్రైవర్‌ను.
మొన్న ఫోన్ల ఆ సీరియలే దొరికింది, తెలుగు మాటలతోని.
ఆగస్టు కథను బొమ్మ చూసి గుర్తువట్టిన:
సముద్రం ఒడ్డున దీపస్తంభం, ఒక ముసలామె,
ఎనకకు తిరిగే గడియారం.
రూము లేదు. తలుపు కొట్టినోడు లేడు.
నిద్ర దుకాణమనుకున్నది
చందమామ మీదికెళ్లి తిరిగొచ్చిన కుక్క కథ.

లింబాద్రన్నకు అరబ్బీల బస్సు నంబరు సుత రాకపోతుండె,
ఎన్నడూ నన్నే అడుగుతుండె, ఇది మనదేనా అని.
అప్పుడు నాకు తట్టలే.

సౌండ్ బంద్ చేసి మళ్ల మొదటికెళ్లి పెట్టిన.
ముసలామె మెట్లు ఎక్కుతుంది.
నా నోరు దానంతటదే:
"ఒక రూము. లెక్కకంటె ఒకడెక్కువ..."

పక్క మంచం పోరడు చెవులకెళ్లి వైర్లు గుంజి
ఇటు తిరిగిండు. "తర్వాతేమైందన్నా?"

యాడ్ ఎప్పుడొస్తదా అని చూస్తున్న.